దేహ మెవరిది?
(సంసారమున వ్యక్తి స్వాతంత్ర్యమును గూర్చిన విచారణ)

వీరశైవ గృహమున శిశువు జన్మించినపుడు లింగధారణ చేయుదురు. మగబిడ్డ యైనను ఆడబిడ్డ యైనను విధి యొక్కటే. పెరిగిన పిమ్మట గురువు దీక్ష నొసగును. ఆ దీక్షయందును స్త్రీలకొక లింగము, పురుషులకొక లింగము అను భేదము లేదు. తండ్రి లింగము తండ్రిది. కుమార్తె లింగము కుమార్తెది. వివాహమైన పిమ్మట భార్య తన లింగమును తానే అరచేత నుంచుకొని అర్చించును గాని, భర్త అర్చించిన చాలునని ఆమె లింగమును పక్కన పెట్టుట లేదు.

ఈ ఆచారము అనుదినము కన్నులయెదుట జరుగుచున్నదే. కాని దీని యర్థమును ఆలోచించువారు కొద్దిమంది. ఎవరి దేహముపై లింగము నెలకొన్నదో ఆ దేహము దేవాలయము. ఆ దేవాలయమునకు అర్చకులు ఆ దేహము గలవారే. తండ్రియు, భర్తయు, అన్నదమ్ములును ఆ గుడికి ప్రేమతో రాదగినవారు. తాళము వేయదగినవారు కారు. బసవేశ్వరుడు రాతిగుడికంటె నడయాడు దేహము గొప్పదని బోధించినపుడు అందులో ఈ భావము కూడ ఇమిడియున్నది.

అయినచో, ఇరువది యేండ్ల కుమార్తెను గదిలో నుంచి గడియ వేసిన తండ్రి చేసిన దేమి? పుట్టింటికి వెళ్లెదనన్న కోడలి చేతినుండి ఫోనును, చదువు పత్రములను లాగికొని బీరువాలో దాచిన అత్తవారు చేసిన దేమి? పరువు కొరకును, సంసారము నిలుపుట కొరకును చేసితిమని వారందురు. వారి మాటలో కపటము లేకపోవచ్చును. కాని ధర్మమేమి చెప్పును? ఈ ప్రశ్న నేడు న్యాయస్థానముల ముంగిట మాత్రమే గాక మఠముల ముంగిటను నిలిచియున్నది.

అమరేశ్వరుని సన్నిధిని

శ్రీశైలమును ఒరసికొని ప్రవహించు కృష్ణవేణి పల్నాటి నేలలు దాటి అమరావతికి చేరును. పంచారామములలో నొకటియైన అమరేశ్వరాలయము ఆ యొడ్డుననే కలదు. ఆ ప్రాంతముననే నేలపాడు గ్రామమున ఆంధ్రప్రదేశ్ ఉన్నత న్యాయస్థానము నెలకొనియున్నది. 2019 జనవరి 1వ తేదీన రాష్ట్రమునకు ప్రత్యేక ఉన్నత న్యాయస్థాన మేర్పడగా, ఆ సంవత్సరమే అది నేలపాటికి తరలివచ్చెను. పత్తి తీతలు, మిరప కోతలు తప్ప మఱొకటి ఎఱుగని పల్లెలనుండి సయితము నేడు జనులు నల్లకోటుల వారిని వెదకికొనుచు ఆ భవనమునకు పోవుచున్నారు.

అచ్చట దాఖలగు అర్జీలలో హెబియస్ కార్పస్ అను పేరు గలది యొకటి. తెలుగున దీనిని బందీ ప్రత్యక్షీకరణ మందురు. లాటిను మాటలకు దేహమును తెచ్చి చూపుమని తాత్పర్యము. ఒక మనిషిని మఱియొకరు న్యాయవిరుద్ధముగా నిర్బంధించిరని తెలిసినచో, ఆ మనిషిని తన యెదుట ప్రవేశపెట్టుమని న్యాయస్థానము ఆజ్ఞాపించును. రాజ్యాంగము 226వ అధికరణము క్రింద ఉన్నత న్యాయస్థానములకును, 32వ అధికరణము క్రింద సర్వోన్నత న్యాయస్థానమునకును ఈ యధికారము కలదు. నిర్బంధించినది పోలీసులే కానక్కరలేదు. కన్నతండ్రి కావచ్చును, కట్టుకొన్న భర్త కావచ్చును. బందీ తానుగా అర్జీ వ్రాయలేడు గనుక బంధువైనను స్నేహితుడైనను ఆతని పక్షమున వ్రాయవచ్చును.

ఇంతటి స్వేచ్ఛారక్షకమైన ఆయుధము సంసారముల తగవులలో ఎట్లు వినియోగపడుచున్నదో చూడుడు. ఒక రైతు కుటుంబమును ఊహింపుడు. కుమార్తె గుంటూరులో డిగ్రీ చదువుచున్నది. ఒకనాడు ఇంటికి రాలేదు. తాను మెచ్చినవానిని వివాహమాడితినని కబురు వచ్చెను. తండ్రి పోలీసుస్టేషనులో మిస్సింగ్ కేసు పెట్టును. పిమ్మట వకీలు సలహాపై, నా కుమార్తెను ఫలానావాడు బంధించెనని రిట్ వేయును. పోలీసులు ఆమెను వెదకి ధర్మాసనము నెదుట నిలుపుదురు. న్యాయమూర్తులు ఆమెను అడుగుదురు: వయస్సెంత? ఎవరైన బలవంతపెట్టిరా? ఎక్కడికి పోదలచితివి? ఆమె మేజరై, తన యిష్టముచే వెళ్లితినని చెప్పినచో, నీ యిష్టము వచ్చిన చోటికి పొమ్మని అర్జీని ముగింతురు. తండ్రి ఆ మెట్లమీదనే కూలబడును.

ఆ తండ్రి కోరినదేమి? కుమార్తెకు స్వేచ్ఛనా, కుమార్తెను తనకు అప్పగించుటనా? రెండవదే కోరెను. చెఱ విడిపించుటకు పుట్టిన యాజ్ఞను చెఱ మార్చుటకు వాడుకొనజూచెను. ఆ రిట్ అర్జీ వ్రాసినవానిది కాదు, ఎవరి దేహమును గూర్చి వ్రాయబడెనో వారిది. ఆమె నోరు తెఱచి మాటాడినంతనే తక్కినవారి మాటలకు విలువ తగ్గిపోవును. ఈ సూక్ష్మమును గ్రహించినవారికి తక్కిన చట్టమంతయు సులభబోధ మగును.

భార్య భర్త సొత్తా?

తండ్రి యధికారము వలెనే భర్త యధికారమును గూర్చియు న్యాయస్థానములు చిరకాలము తర్కించినవి. బొంబాయిలో రఖ్మాబాయి అను యువతికి బాల్యముననే వివాహము చేసిరి. పెద్దయైన పిమ్మట ఆమె కాపురమునకు పోనొల్లకుండెను. భర్త దావా వేసెను. 1885లో ఒక న్యాయమూర్తి ఆమె పక్షమున తీర్పు చెప్పెను. 1887లో మఱియొకరు కాపురమునకైన పొమ్ము, ఆరు నెలలు కారాగారమునకైన పొమ్మని శాసించిరి. ఆమె కారాగారమునకే సిద్ధపడెను. మఱుసటి యేట రాజీ కుదిరెను. ఆమె ఇంగ్లండులో వైద్యము చదివి వచ్చి ఈ దేశముననే వైద్యురాలై సేవ చేసెను.

ఆ ఇంగ్లండుననే 1891లో క్లిథెరో అను పట్టణమున ఒక భర్త, తనతో కాపురము చేయనొల్లని భార్యను చర్చి వెలుపల పట్టి, బండిలో వేసికొనిపోయి ఇంట బంధించెను. ఆమె బంధువులు హెబియస్ కార్పస్ కోరిరి. భార్యను బంధించు హక్కు భర్తకు లేదని అప్పీలు న్యాయస్థానము తేల్చి ఆమెను విడిపించెను. అంతవరకు ఆ హక్కు కలదనియే అనేకులు నమ్మియుండిరి.

తెలుగునాట ఇట్టి ప్రశ్న 1983లో వచ్చెను. 1975లో తిరుపతిలో పదునారేండ్ల బాలికకు వివాహము జరిగెను. దంపతులు వెంటనే విడిపోయిరి. ఆమె పిమ్మట చలనచిత్ర నటిగా ప్రసిద్ధికెక్కెను. భర్త కడప సబ్ కోర్టులో, హిందూ వివాహ చట్టము 9వ సెక్షను క్రింద, ఆమెను తనతో కాపురమునకు పంపవలెనని కోరెను. ఆ వ్యాజ్యము హైదరాబాదులోని నాటి ఉన్నత న్యాయస్థానమునకు చేరగా, న్యాయమూర్తి పి.ఎ. చౌదరి ఆ సెక్షనే రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పిరి. ఎవరితో తన దేహమును పంచుకొనవలెనో, ఎప్పుడు తల్లి కావలెనో నిర్ణయించుకొను అధికారమును స్త్రీ చేతినుండి తీసి ప్రభుత్వము చేతిలో పెట్టుట 21వ అధికరణమునకు భంగకరమని ఆ తీర్పు సారాంశము. సరీత కేసని పేరొందిన ఆ తీర్పు ఏడాదికే, 1984లో, సరోజ్ రాణి కేసున సర్వోన్నత న్యాయస్థానముచే త్రోసివేయబడెను. విడిపోవుచున్న దంపతులను కలుపుటకు ఆ సెక్షను ఉపకరించునని ఆ న్యాయస్థానము తలచెను.

ఈ చట్టము వీరశైవులకు పరాయిది కాదు. 1955నాటి హిందూ వివాహ చట్టము తాను ఎవరికి వర్తించునో చెప్పు 2వ సెక్షనులో వీరశైవులను, లింగాయతులను పేరు పెట్టి పేర్కొన్నది. కాబట్టి 9వ సెక్షను లింగాయతు ఇంటి గడపలోనికిని వచ్చును. అయితే ఒక్కటి గమనింపవలెను. ఆ సెక్షను క్రింద డిక్రీ పొందినవాడు సయితము భార్యను చేయిపట్టి ఈడ్చుకొని రాలేడు. డిక్రీని పాటింపనివారి ఆస్తిని జప్తు చేయింపవచ్చును. ఏడాది గడచినను కాపురము కలియకున్నచో విడాకులు కోరవచ్చును. అంతియే. ఇంట గడియ వేయు హక్కును ఏ డిక్రీయు ఇయ్యలేదు.

కల్యాణము చెప్పిన జవాబు

ఇది అంతయు పాశ్చాత్యుల చట్టము, ఆచారవంతులకు దీనితో పని యేమియని కొంద రందురు. వారు తమ పురాణములను మఱల చదువుకొనవలెను.

పాల్కురికి సోమనాథుడు తెలుగున రచించిన బసవపురాణము బసవేశ్వరుని బాల్యమును ఎట్లు చెప్పినది? తండ్రి మాదిరాజు ఉపనయనము చేయ నిశ్చయించెను. శివభక్తుడనగు నాకు ఈ కర్మతో పనిలేదని బాలుడు కాదనెను. తండ్రి వాదించెను, కుమారుడు వినలేదు. తుదకు పుట్టినింటిని విడిచి వెళ్లెను. మాదిరాజు దుర్మార్గుడు కాడు. కులాచారమును నమ్మిన సామాన్యుడైన తండ్రి. ఆ తండ్రి కుమారుని గదిలో పెట్టి గడియ బిగించియుండినచో కల్యాణమున శరణుల సభ యెక్కడిది? నేడు బసవజయంతి జరుపుకొను ప్రతి కుటుంబమును, ఇల్లు విడిచి వెళ్లిన యొక కుమారుని జయంతినే జరుపుకొనుచున్నది.

అక్కమహాదేవి చరిత్రము మఱింత స్పష్టము. కౌశికుడను రాజు ఆమెను కోరెను. వివాహము జరిగినదని కొన్ని కథనములు, జరుగలేదని కొన్ని. ఎట్లయినను ఆమె రాజమందిరమును, నగలను, చీరలను సయితము విడిచి వెడలెను. కల్యాణమున అల్లమప్రభువు ఆమెను కఠినముగా ప్రశ్నించెను. అయినను భర్త యొద్దకు తిరిగి పొమ్మని ఆజ్ఞాపింపలేదు. ఆమె జవాబులు విని, సభ ఆమెను అక్కా యని పిలిచినది. పిమ్మట ఆమె శ్రీశైలమునకు పోయి కదళీవనమున లింగైక్య మందెను. అల్లమప్రభువు అడిగినవి ప్రశ్నలే. ఆమె నోటి మాటయే తుది ప్రమాణమయ్యెను. న్యాయమూర్తి నేడు బందీ నెదుట నిలిపి చేయుచున్నది దీనికి మిక్కిలి సమీపముగా నున్నది.

మూడవది అందఱును ఎఱిగినదే. బ్రాహ్మణ వంశమున పుట్టిన మధువరసు కుమార్తెను చెప్పులు కుట్టు హరళయ్య కుమారునికిచ్చి వివాహము చేసిరి. బిజ్జలుడు ఆగ్రహించెను. వారి కన్నులు తీయించెననియు, ఏనుగు కాళ్లకు కట్టించి ఈడ్పించెననియు వేఱువేఱు కథనములు కలవు. ఒక పెండ్లి కొరకు కల్యాణపట్టణమే కల్లోలమైనది. ఆ పెండ్లిని నేటికిని వేదికలపై కీర్తించువారు, తమ యింట అట్టి పెండ్లి మాట వినబడినంతనే బిజ్జలుని పక్షము వహించుట యేమి న్యాయము? జంగములలో, బణజిగలలో, ఇతర శాఖలలో సంబంధములు వెదకునపుడు ముందు శాఖ నడిగి పిమ్మట శీలము నడుగు గృహములు లేకపోలేదు. కులాంతర వివాహమునకు కాదు, శాఖాంతర వివాహమునకే బిడ్డను నిర్బంధించినచో, మెడలోని లింగము ఎవరికి సాక్షి?

చిఱుతొండనంబి తన కుమారునే శివునికి అర్పించెను గదా, బిడ్డపై తండ్రికి సర్వాధికార మున్నట్లే గదాయని ఆక్షేపింపవచ్చును. ఆ కథ తుదిదాక వినవలెను. శివుడు ఆ బిడ్డను సజీవునిగా తిరిగి యిచ్చెను. పైగా తండ్రి ఆ బిడ్డను అర్పించినది శివునికే. తన పరువునకు గాని తన పంతమునకు గాని కాదు. భక్తికథను పెత్తనమునకు ప్రమాణముగా చూపుట ఆ భక్తునికి అపచారము.

తల్లిదండ్రుల దుఃఖము

ఇంతమాత్రమున తల్లిదండ్రుల దుఃఖము అసత్యమని చెప్పరాదు. మిరపతోటలో ఎండకు మాడి, అప్పు చేసి ఫీజులు కట్టి పెంచిన బిడ్డ ఒక్క మాటయైన చెప్పక వెళ్లినపుడు ఆ యింట పొయ్యి వెలుగదు. వాని చేతిలో మోసపోవునేమో, అమ్మివేయుదురేమో అను భయము వ్యర్థము కాదు. అట్టి మోసములు జరుగుచునే యున్నవి. అందులకే ఆ రిట్ తండ్రికిని ఉపకరించును. బిడ్డ క్షేమముగా నున్నదా, ఎవరైన బెదిరించి నిలిపిరా యని తెలిసికొనుటకు ఆతనికి హక్కు కలదు. ఆమెను న్యాయమూర్తి యెదుట ఒంటరిగా మాటాడనిచ్చినపుడు సత్యము బయటపడును. బలవంతమే జరిగినచో ఆమె ఇంటికి వచ్చును. ఆమె ఇష్టమే యైనచో తండ్రి భయము తీరవలెను; దుఃఖము మిగిలినను అది వేఱు. దుఃఖమును మాన్పుటకు చట్టము చేతిలో మందు లేదు.

పసిబిడ్డల విషయము ప్రత్యేకము. పదునెనిమిదేండ్లు నిండనివారి మాట వినవలసినదే యైనను, వారి క్షేమమే ప్రధానము. దంపతులు విడిపోయి బిడ్డకొరకు పెనగులాడునపుడు హెబియస్ కార్పస్ వేయవచ్చునా? 2019లో తేజస్వినీ గౌడ్ కేసున తల్లి మరణించిన పసిపాపను తల్లి తరపు బంధువులు తమయొద్ద నుంచుకొనగా తండ్రి ఆ రిట్ కోరెను. సర్వోన్నత న్యాయస్థానము దానిని అంగీకరించి పాపను తండ్రికి అప్పగించినను, ఇట్టి విషయములలో శిశువు మేలు తప్ప పెద్దల హక్కులు ప్రధానములు కావని చెప్పెను. బిడ్డ ఆస్తి కాదు, పంచుకొనుటకు వీలులేనిది.

న్యాయస్థానములు ఎన్నడును తప్పు చేయవనియు తలపరాదు. 1976లో, అత్యవసర పరిస్థితి కాలమున, జబల్పూరు కేసున సర్వోన్నత న్యాయస్థానము హెబియస్ కార్పస్ తలుపునే మూసివేసినది, న్యాయమూర్తి హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరు మాత్రమే విభేదించిరి. 2017లో పుట్టస్వామి కేసున ఆ తీర్పు తప్పని అదే న్యాయస్థానము ఒప్పుకొన్నది. ఆ 2017లోనే కేరళ ఉన్నత న్యాయస్థానము, ఒక తండ్రి వేసిన హెబియస్ కార్పస్‌పై, హాదియా అను వయోజన యువతి వివాహమునే రద్దు చేసి ఆమెను తండ్రి యింటికి పంపినది. ఆమె సర్వోన్నత న్యాయస్థానమున నిలిచి తనకు స్వేచ్ఛ కావలెనని కోరెను. 2018 మార్చి 8న ఆ వివాహము చెల్లునని తీర్పు వచ్చెను. ఆ నెలలోనే శక్తివాహిని కేసున, వయస్సు వచ్చిన యిరువురు పెండ్లాడుటకు కుటుంబము యొక్క గాని, కులపంచాయతీ యొక్క గాని అనుమతి అవసరము లేదని స్పష్టపఱచిరి. ఆ యేటనే సెప్టెంబరులో తెలుగునేల మిర్యాలగూడలో, కులము కాదని పెండ్లాడిన యువకుడు గర్భవతియైన భార్య కన్నులయెదుటనే హత్య కావింపబడెను. ఆయన మామయే హంతకులను కుదిర్చెనని పోలీసులు అభియోగము మోపిరి. చట్టము ఎంత చెప్పినను ఇంటిలోని మనస్సు మారనిచో ఏమి జరుగునో అది చూపినది.

మఠము చేయదగినది

సంసారపు తగవులు నేలపాటికి చేరక ముందు అనేకసారులు మఠమునకు చేరును. స్వాములవారి మాటకు ఇరుపక్షములును తల వంచుదురు. ఈ గౌరవము గొప్ప యవకాశము, గొప్ప ప్రమాదమును. పెద్దమనుషుల నడుమ, తండ్రి చూపుల క్రింద, తల వంచుకొని కూర్చున్న యువతి సరేయనినచో అది సమ్మతి యగునా? 2024 మార్చిలో దేవూ జి. నాయర్ కేసున సర్వోన్నత న్యాయస్థానము దేశమందలి న్యాయస్థానములకు కొన్ని సూచనలు చేసినది. నిర్బంధములో నున్నదన్న వ్యక్తితో న్యాయమూర్తి ఏకాంతమున మాటాడవలెను. తల్లిదండ్రుల ప్రభావము ఆ సమయమున పడనీయరాదు. భయము పోగొట్టి సుఖాసీనులను చేయవలెను. మనస్సు మార్చుటకై కౌన్సెలింగ్ పేర ఒత్తిడి చేయరాదు. న్యాయమూర్తులకు చెప్పిన ఈ మాటలు మఠాధిపతులకును వర్తించునట్టివి.

తగవు విను జంగముడు మొదట ఆ యువతి మాటను ఒంటరిగా, తల్లివంటి వృద్ధురాలిని పక్కన నుంచుకొని వినవలెను. ఆమె ఒప్పుకొననిచో ఆమెను ఎవరికిని అప్పగింపరాదు. పోవ చోటులేనిచో, దాసోహము జరుగు ఇంటిలో ఆమెకు ఒక పూట అన్నమును, ఒక రాత్రి నీడయును లభింపవలెను. ఆ తలుపు లోపలినుండి ఆమెయే తీసికొనగలిగినట్లుండవలెను. ఆ పిమ్మట తండ్రిని పిలిచి ఆతని దుఃఖమును వినవలెను. ఆతనికి న్యాయస్థానము ఇయ్యలేని యోదార్పు మఠమే యియ్యగలదు. ఈనాడు కాదన్న బిడ్డ రేపు పురుడు పోసికొనుటకు పుట్టింటికి రాదలచినపుడు తలుపు తెఱచియుండవలెనని చెప్పుట మఠము పని. ఆ మాట చెప్పు చట్టము ఏ పుస్తకమునను లేదు.

బంధించినందువలన ప్రేమ నిలుచునని ఎవరును నిరూపింపలేదు. గడియ పడిన గదిలో దేహము మాత్రమే యుండును. మనస్సు ఏనాడో గడప దాటియుండును. దేహమును తెచ్చి చూపుమని న్యాయస్థానము ఆజ్ఞాపింపగలదు గాని ప్రేమను తెచ్చి చూపుమని ఆజ్ఞాపింపలేదు. ఆ ప్రేమ మిగులవలెనన్నచో తలుపు ముందుగా తెఱచువారు పెద్దలే కావలెను. ఉదయమున లింగార్చనకు కూర్చుండునపుడు తండ్రి ఒక్కసారి కుమార్తె అరచేతివైపు చూచిన చాలును. అచ్చటను ఒక లింగము కలదు.